జడ విప్పే వేళ

"కొప్పు నేనే వేస్తాను మామీ," అంది చెంగమలం, తెచ్చిన దువ్వెనల పెట్టె చాప మీద పెడుతూ.

పెళ్లికూతురి తల్లి రంగనాయకి ఆ పెట్టె వైపు చూసింది.

చెంగమలం పెళ్లికొడుకు అక్క. కూరై చీర, అంటే తాళి వేళ కట్టే చీర, పెళ్లికూతురికి కట్టించడం ఆడపడుచు హక్కు. అది రంగనాయకికి తెలుసు, దానికి సిద్ధపడే ఉంది. చీర కట్టించి కిందికి వెళ్లిపోతుందనుకుంది. ఆ తర్వాత తలుపు గడియ వేసుకుని, తను కుదుర్చుకున్న పట్టమ్మ చేత జడ విప్పించి, కొప్పు చుట్టించి, పూలు కప్పించి పిల్లను తీసుకుపోవచ్చనుకుంది. రెండు నెలలుగా రాత్రీ పగలూ ఈ కాసేపటి గురించే ఆలోచించిన మనిషికి ఈ ఒక్క ముక్క మాత్రం తట్టలేదు.

"నీకెందుకమ్మా శ్రమ," అంది. "పట్టమ్మది చేయి తిరిగిన పని. కుంభకోణంలో సగం పెళ్లిళ్లకి ఈవిడే వేస్తుంది. నువ్వు కింద మీవాళ్ల కాఫీలూ అవీ చూసుకో."

"కాఫీలు చూసుకోడానికి మగాళ్లు చాలరూ?" చెంగమలం నవ్వింది. "మా ఇంట్లో కోడలి జడ విప్పేది ఆడపడుచే మామీ. మా అమ్మకి మా పెద్దత్త విప్పింది. అమ్మ ఉంటే ఈ పెట్టె అమ్మే నా చేతిలో పెట్టి పంపేది. లేదు గనక నేనే తెచ్చుకున్నాను."

దానికి ఎదురు చెప్పడానికి ఏముంది? తల్లి పోయేనాటికి చెంగమలానికి పదిహేనేళ్లు, తమ్ముడు సంపత్‌కి ఆరు. వాడికి తల దువ్వి, అన్నం కలిపి పెట్టి, బడికి పంపి ఇంతవాణ్ణి చేసింది ఈవిడేనని శ్రీరంగంలో వాళ్ల వీధి వీధంతా చెబుతుంది. పోయిన తల్లి పేరు ఎత్తాక ఇక వద్దన్నవాళ్లదే తప్పు.

పెళ్లి సరిగ్గా సగంలో ఉంది. మాలలు మార్చుకోవడం, ఊయల, కన్యాదానం అయ్యాయి. ఎర్రని లక్కరంగు తొమ్మిది గజాల చీర పెళ్లికూతురి చేతిలో పెట్టి కట్టుకు రమ్మన్నారు. పొద్దుటి పూలజడ విప్పి, నెత్తిన ఓ పక్కగా ఆండాళ్ కొప్పు చుట్టి పిల్లను దింపితే, తండ్రి ఒళ్లో కూర్చోబెట్టుకుంటాడు, అప్పుడు తాళి. పదీ ఇరవై దాటకూడదని పెళ్లి చేయిస్తున్న వాధ్యార్ ఇప్పటికే రెండుసార్లు కేక పెట్టాడు. గోడ గడియారం తొమ్మిదీ ముప్పావు చూపిస్తోంది. పిల్ల ఇప్పుడు ఈ ఇంటిదీ కాదు, ఆ ఇంటిదీ కాలేదు. ఈ అరగంటే రంగనాయకిని చంపుతోంది.

ఎందుకంటే ఆ జడ కింద, కూతురు పద్మాసని మెడ వెనక, బొల్లి మచ్చ ఉంది.

మూడేళ్ల కిందట చింతగింజంత. ఇప్పుడు ఆడదాని అరచేయి పట్టేంత. అంటుకునేది కాదు, ప్రాణానికి ముప్పు లేదు, కుష్ఠు అసలే కాదు అని తంజావూరు డాక్టరు కాగితం మీద రాసి మరీ ఇచ్చాడు. కాగితం చదివి పిల్లను చేసుకునేవాళ్లు ఎక్కడున్నారు? మన్నార్గుడి నుంచి మొదట వచ్చిన సంబంధం వాళ్లకి రంగనాయకి ఉన్నదున్నట్టు చెప్పింది. పాపం, నిజం చెబితే మెచ్చుకుంటారనుకుంది. వాళ్లు ఇచ్చిన కాఫీ ముట్టకుండా లేచి వెళ్లిపోయారు. ఆ గ్లాసులు బోర్లిస్తూ ఆమె ఒట్టు పెట్టుకుంది, ఇక ఈ నోటితో ఎవరికీ చెప్పకూడదని.

జడ ఉన్నంతసేపూ మెడ కనబడదు. కొప్పు పైకెత్తి కడితే మొత్తం బయటపడుతుంది. అందుకే పట్టమ్మకి సంగతి చెప్పి, కాళ్లావేళ్లా పడి, కొప్పు కిందికి జార్చి చుట్టేట్టు, కింద కనకాంబరాలు నాలుగు వరసలు దట్టంగా వేలాడేట్టు ఏర్పాటు చేసుకుంది.

చెంగమలం చీర విప్పి కుచ్చిళ్లు లెక్కపెడుతోంది. పద్మాసని చేతులు చాచి నిలబడి, ఇంత బట్ట చుడితే మెట్లు దిగేది నడిచా దొర్లా అని అడిగింది. దొర్లితే మా తమ్ముడు కింద పట్టుకుంటాడులే అంది చెంగమలం. ఇద్దరూ నవ్వుకున్నారు. పిల్ల ముఖంలో బెదురన్నది లేదు. ఆ ధైర్యం చూస్తే రంగనాయకికి భయం మరింత పెరిగింది, ఎందుకంటే ఆ ధైర్యం ఎక్కడి నుంచి వచ్చిందో ఆమె ఒక్కదానికే తెలుసు.

పట్టమ్మని కిటికీ దగ్గరికి లాగి, ఏదో ఒకటి చెయ్యమని గుసగుసగా బతిమాలింది.

పట్టమ్మ యాభై ఏళ్ల మనిషి, వందల పెళ్లికూతుళ్ల తలలు చూసింది. సన్నగా గొణిగింది: "అప్పుడే చెప్పాను తల్లీ. నాకు జుట్టు దాచడం వచ్చు, సవరం దాచడం వచ్చు. ఇంత పెద్ద సంగతి దాచడం నా వల్ల కాదని." అయినా జాలిపడి ముందుకెళ్లి, జడ విప్పితే చాలా సేపు పడుతుందని, ఉన్న జడనే మడిచి పైన ముడి పెట్టి పూలు చుట్టేస్తే రెండు నిమిషాల్లో అయిపోతుందని, చూసేవాళ్లకి తేడా తెలియదని చెప్పింది.

"జడ మడిచి పెడితే అది మడిచిన జడే అవుతుంది, కొప్పెలా అవుతుంది?" అంది చెంగమలం. "కన్నెజడ పూర్తిగా విప్పి, దువ్వి, మళ్లీ చుట్టాలి. నాకు పావుగంట చాలు."

తలుపు మీద ఎవరో తట్టారు. రంగనాయకి ఒక్క అంగలో వెళ్లి వారగా తెరిచింది. భర్త తిరువేంగడం. మెడలో పూలమాల, నుదుటి మీద చెమటకి తిరుమణి నామం కరిగిపోయి ఉంది. వాధ్యార్ తొందరపెడుతున్నాడని చెప్పడానికి వచ్చాడు. చెప్పి వెళ్లిపోవచ్చు కదా. గడప మీద నిలబడి గొంతు తగ్గించాడు.

"ఇందాక కన్యాదానంలో పిల్లవాడి చేయి పట్టుకున్నాను. ఎంత నెమ్మదస్తుడో. మనం అంత పెద్ద సంగతి రాసి తెలియజేస్తే, ఇన్నాళ్లలో ఒక్కసారైనా ఆ ఊసెత్తాడా చూడు. నా బిడ్డ అదృష్టవంతురాలు రంగా."

ఆయన కళ్లు తడిశాయి. రంగనాయకి తలుపు వేసి, దానికే వీపు ఆనించి నిలబడిపోయింది. 

రాసింది పద్మాసని. దాచి చేసే పెళ్లి నాకొద్దమ్మా అని, రెండు నెలల కిందట, మాసి నెలలో, రెండు పేజీల ఉత్తరం సంపత్‌కి రాసి, నాన్నకి చదివి వినిపించి, కవరు అంటించి తల్లి చేతిలో పెట్టింది. సారంగపాణి కోవెలకి వెళుతూ పోస్టులో వేస్తానని రంగనాయకే తీసుకుంది. డబ్బా దాకా వెళ్లింది. కవరు సగం లోపలికి తోసింది కూడా. మన్నార్గుడి వాళ్ల కాఫీ గ్లాసులు కళ్ల ముందు మెదిలాయి. చెయ్యి వెనక్కి వచ్చేసింది. ఇంటికొచ్చి పొయ్యిలో పెట్టింది.

అక్కడితో ఆగినా బాగుండేది. పది రోజులు పిల్ల నిద్ర లేకుండా జవాబు కోసం చూసింది. ఆ చూపు భరించలేక, సంబంధం తెచ్చిన వరదన్ మామ ద్వారా మాట వచ్చిందని ఓ సాయంత్రం చెప్పేసింది. ఏమన్నారమ్మా అని పిల్ల అడిగింది. రంగనాయకి పోపు వేయిస్తూ, వెనక్కి తిరక్కుండానే, "మెడ వెనక ఏముందో చూడటానికి నేను ఆవిడ వెనక నడుస్తానా, పక్కన నడుస్తాను గాని, అన్నాడట" అని అంది. ఏనాడూ నాలుగు మాటలు పోగేసి మాట్లాడని మనిషికి ఆ మాట ఎలా తోచిందో! పద్మాసని ఏడ్చింది, తర్వాత నవ్వింది, ఆ రాత్రి రెండు దోసెలు ఎక్కువ తింది. మర్నాడు పెళ్లికి సరేనంది.

అప్పటి నుంచి వరదన్ మామ ఎదురైనప్పుడల్లా రంగనాయకి పిల్లను ఏదో పని మీద లోపలికి తోలుతూనే ఉంది. పొద్దున ఊయల దగ్గర పద్మాసని ఆయనకి నమస్కారం పెట్టి, మీ మేలు మర్చిపోలేను మామా అనేసింది కూడా. సంబంధం తెచ్చినందుకు కాబోలనుకుని ఆయన దీవించాడు. అప్పుడు పోయిన ప్రాణం రంగనాయకికి ఇంకా పూర్తిగా తిరిగి రాలేదు.

చీర కట్టడం అయింది. పద్మాసని పీట మీద కూర్చుంది. చెంగమలం వెనక చేరి మొగలిరేకులు ఒక్కొక్కటే తీసి పళ్లెంలో పెట్టింది. రాగిడి బిళ్ల తీసింది. సవరం ఊడదీసి పట్టమ్మకి అందించింది. ఆవిడ చేతులు తొందర ఎరగవు, చాలా ఏళ్లు ఒకరి తల దువ్విన చేతులు.

జడగంటలు ఇలా ఇవ్వమ్మా, పెట్టెలో పెడతాను అంటూ రంగనాయకి మధ్యలో దూరబోయింది. ఒక్క నిమిషం మామీ, వెలుతురుకి అడ్డం వస్తున్నారు అని చెంగమలం ఆమెను సున్నితంగా పక్కకి జరిపింది.

జడ మూడు పాయలూ విడిపోయాయి. చెంగమలం జుట్టంతా ఎడమచేత్తో పోగు చేసి పైకి ఎత్తింది.

చెయ్యి అక్కడే ఆగింది.

కింద నాదస్వరం ఊదుతూనే ఉంది. పట్టమ్మ కిటికీలోంచి బయటికి చూడటం మొదలుపెట్టింది. పొద్దున అద్దిన పౌడరు చెమటకి కొట్టుకుపోయి, మచ్చ అంచులతో సహా తేటగా కనిపిస్తోంది. రంగనాయకి చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఇప్పుడు కేక వేస్తుంది, కిందికి దిగి నలుగురినీ పిలుస్తుంది, అయిపోయింది నా బిడ్డ బతుకు అనుకుంది.

చెంగమలం కేక వెయ్యలేదు. మాట్లాడింది పద్మాసని.

"కనబడిందా వదినా? పెద్దదైందా? నా మెడ నాకు కనబడదుగా, అమ్మ చెప్పిందే లెక్క. చింతగింజంతే ఉందంటుంది."

"చింతగింజంత," అంది చెంగమలం.

"ఆయన మీకు చెప్పే ఉంటారుగా. నేను ఉత్తరం రాశాను, మాసి నెలలోనే. ఆయన వరదన్ మామ చేత మాట పంపించారు." పద్మాసని సిగ్గుపడుతూనే ఆ మాట పూర్తిగా చెప్పింది, పక్కన నడుస్తాను అన్నంత వరకూ. "ఒట్టు వదినా, ఆ మాటకే నేను ఒప్పుకున్నాను. పెళ్లిచూపుల రోజు ముఖం కూడా సరిగ్గా చూడలేదు."

చెంగమలం తల తిప్పి రంగనాయకి వైపు చూసింది. చాలా సేపు చూసింది. తన తమ్ముడు ఎలా మాట్లాడతాడో, ఏ మాట అనగలడో ఏది అనలేడో ఆవిడకి తెలియదా? ఏదైనా ఉత్తరం వస్తే వాడు మొదట ఎవరికి చూపిస్తాడో తెలియదా? రంగనాయకి కళ్లు దించేసుకుంది. అదే జవాబు అయింది.

"అయితే మా తమ్ముడికి అంతా తెలుసన్నమాట," అంది చెంగమలం నెమ్మదిగా.

"తెలుసు," అంది పద్మాసని.

"తెలిసినప్పుడు ఇక దాచేదేముంది. మా ఇంటి పద్ధతిలో పైకే కడతాను కొప్పు. మామీ, ఆ పిన్నులు ఒక్కొక్కటే అందిస్తారా?"

కొప్పు కిందికి జార్చి కట్టమ్మా అంటే, ఎందుకు అని అడుగుతారు. ఎందుకో చెబితే కూతురికి తెలిసిపోతుంది. చెప్పకపోతే ఊరంతటికీ తెలుస్తుంది. ముందు నుయ్యి, వెనక గొయ్యి. రంగనాయకి వంగి పిన్నుల డబ్బా తీసింది. ఒకటి అందించింది. చెంగమలం జుట్టు మెలిపెట్టి, చుట్టి, ఆ పిన్ను గుచ్చింది. ఇంకోటి అందించింది. మూడోది. ప్రతి పిన్నుకీ కొప్పు ఒక వేలు పైకి జరుగుతోంది, మెడ ఒక వేలు బయటికి వస్తోంది. తన కూతురి మచ్చని నాలుగు వందల మందికి చూపించే పని తన చేతులతోనే జరుగుతోందని రంగనాయకికి అర్థమవుతూనే ఉంది, అయినా చెయ్యి ఆగలేదు. ఏడో పిన్ను జారి కిందపడితే, తీసి, తుడిచి అందించింది.

ఈ ఆడపడుచు ఏం చేయబోతోంది? మండపంలో పిల్లను నిలబెట్టి చూపిస్తుందా? సంపత్ తాళి పట్టుకుని వంగినప్పుడు చూడు తమ్ముడూ అంటుందా? తిరువేంగడానికి నిరుడే గుండెపోటు వచ్చింది. ఒళ్లో పిల్ల ఉండగా ఆయన అక్కడే కుప్పకూలిపోతే? 

కొప్పు అయింది. పట్టమ్మ అద్దం పట్టుకుంది. పద్మాసని అటు ఇటు తిరిగి చూసుకుని, అమ్మా, కోవెల్లో ఆండాళ్ తల్లిలా లేనూ అంది. మెడ వెనక గాలి తగిలితే ఎంత హాయిగా ఉందో అని కూడా అంది. కింద నుంచి ఎవరో పెళ్లికూతురిని తీసుకురండి అని అరిచారు. చెంగమలం ఆమె చెయ్యి పట్టుకుని లేపింది. వెళ్దాం పద.

రంగనాయకి తలుపుకి అడ్డం నిలబడింది.

"పద్మా, ఆ ఉత్తరం నేను పోస్టు చెయ్యలేదు."

పద్మాసనికి మొదట అర్థం కాలేదు. ఏ ఉత్తరం అంది. తర్వాత ముఖంలో నవ్వు నెమ్మదిగా మాసిపోయింది.

"జవాబు వచ్చిందన్నావుగా?"

"రాలేదు."

"మరి ఆయన అన్న మాట?"

"నేనే అన్నాను."

పద్మాసని పీట మీద కూర్చుండిపోయింది. చీర అంచు వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ ఉంది. పట్టమ్మ మంచినీళ్లు ఇవ్వబోతే వద్దంది. రంగనాయకి ఎదురుగా కూలబడి చెబుతూనే ఉంది, మన్నార్గుడి వాళ్ల గురించి, నీ తర్వాత ఇంకో ఆడపిల్ల ఉందని, నాన్న ఆరోగ్యం గురించి, తను నిద్రపోయి ఎన్నాళ్లైందో దాని గురించి. ఆఖరికి అంది: "నీ కోసమే చేశానే. వెయ్యి అబద్ధాలాడైనా ఒక పెళ్లి చెయ్యమన్నారు పెద్దలు."

"ఆ వెయ్యీ పెళ్లివాళ్లతో ఆడమని ఉంటారమ్మా," అంది పద్మాసని. "పెళ్లికూతురితో కాదు."

రంగనాయకికి ఆ మాట చెంపదెబ్బ కంటే గట్టిగా తగిలింది.

చెంగమలం గోడకి ఆనుకుని ఇదంతా చూస్తోంది. ఆవిడ కూడా అంత నిలకడగా ఏమీ లేదు, పెదవి కొరుక్కుంటోంది. "పెళ్లిచూపుల నాడు మీ పూజగదిలో అడిగాను మామీ," అంది. "వాడికి అమ్మ లేదు, అన్నీ నేనే చూసుకోవాలి, చెప్పాల్సింది ఏదైనా ఉంటే ఇప్పుడే చెప్పేయండి అని. దీపం ముందు నిలబడి ఏమీ లేదన్నారు మీరు."

"అన్నాను," అంది రంగనాయకి.

"ఇందాక నాకు వచ్చిన కోపానికి, ఈ పిల్లను ఇలాగే తీసుకెళ్లి వాడి ముందు కూర్చోబెట్టేదాన్ని. కూర్చోబెట్టాక ఏం చేసేదాన్నో నాకే తెలియదు." పద్మాసని మెడ వైపు చూసి, గొంతు మార్చింది. "ఇప్పుడు చూస్తే నీ తప్పు ఏమీ లేదు. కిందంతా జనం. వాడు పీటల మీద నుంచి లేస్తే మీ పరువే కాదు, మాదీ పోతుంది. నేనో మాట చెబుతాను. కొప్పు కిందికి దింపుతాను. కనకాంబరాలు కప్పుతాను. మొదటి ముడి వాడు వేస్తాడు, వాడికి ముందునుంచి ఏమీ కనబడదు. మిగతా రెండు ముళ్లూ ఆడపడుచుగా నేను వేస్తాను, చూసేది నేనొక్కదాన్నే. ఇంటికెళ్లాక నెమ్మదిగా నేనే వాడికి చెబుతాను."

రంగనాయకి ఆవిడ రెండు చేతులూ పట్టుకుంది. దేవుడిలా వచ్చావమ్మా అంటూ కళ్లకు అద్దుకుంది. రెండు నెలల్లో మొదటిసారి ఊపిరి లోపలి దాకా వెళ్లింది. పట్టమ్మ అప్పుడే పూలదండ చేతిలోకి తీసుకుంది.

"కొప్పు ముట్టుకోకండి," అంది పద్మాసని.

పట్టమ్మ దండ మళ్లీ పళ్లెంలో పెట్టేసింది.

"మీ తమ్ముణ్ణి ఒకసారి పైకి పిలుస్తారా వదినా?"

రంగనాయకి ఒద్దు ఒద్దంది. కాళ్లు పట్టుకుంటానంది, నిజంగానే వంగింది కూడా. ఇంకో పావుగంట ఓపిక పట్టవే, మూడు ముళ్లూ పడనీ, ఆ తర్వాత నీ ఇష్టం వచ్చినట్టు చెప్పుకో అని ఏడ్చింది. ఆయన లేచి వెళ్లిపోతే నిన్ను మళ్లీ ఎవరు చేసుకుంటారు, కన్యాదానం అయిపోయిన పిల్లవి అంది.

"నాకూ భయంగానే ఉందమ్మా," అంది పద్మాసని. చేతులు రెండూ ఒళ్లో బిగించి పట్టుకుని ఉంది. "నువ్వు చెప్పిన మనిషంటే నాకు భయం లేదు. కింద కూర్చున్నాయన ఎవరో నాకు తెలియదు. తాళి కట్టడానికి ఆయన చేతులు నా మెడ వెనక్కి వస్తాయి. దండ జరుగుతుందో, పువ్వు రాలుతుందో, ఆయన కంట పడుతుంది. ఆ చేతులు ఒక్క క్షణం ఆగినా నాన్నకి తెలుస్తుంది, నేను నాన్న ఒళ్లో ఉంటాను. అది నా వల్ల కాదు. ఆగేవైతే ఇక్కడే ఆగనీ."

చెంగమలం ఆమె వైపు కొత్త మనిషిని చూసినట్టు చూసింది. తలుపు తీసుకుని వెళ్లిపోయింది. మెట్ల మీద ఆవిడ మెట్టెల చప్పుడు వినిపించింది.

పది దాటి ఏడు నిమిషాలు.

కింద ఏదో గొడవ మొదలైంది. హోమం దగ్గర నుంచి వరుణ్ణి లేపకూడదని వాధ్యార్ గట్టిగా అంటున్నాడు. చెంగమలం ఏం చెప్పిందో వినబడలేదు. తిరువేంగడం గొంతు, ఏమైంది, పిల్లకి బాగాలేదా అని కంగారుగా అడగడం మాత్రం వినిపించింది. మేళం ఒక్కసారిగా ఆగిపోయింది. ఆ నిశ్శబ్దంలో రంగనాయకి పెదవులు మాత్రం కదులుతున్నాయి, ఏ దేవుణ్ణి తలుచుకుంటోందో ఏమో, అన్ని నామాలూ కలిసిపోతున్నాయి.

 రంగనాయకి ఒకసారి చెయ్యి చాచి పద్మాసని భుజం మీద చీర సర్దబోయింది. పద్మాసని కొద్దిగా పక్కకి జరిగింది, అంతే. పుట్టిన నాటి నుంచి ఆ పిల్ల ఆ చేతికి అలా జరగడం ఇదే మొదలు.

మెట్ల మీద అడుగులు వినిపించాయి. ముందు చెంగమలానివి, వెనక బరువుగా, తడబడుతూ ఇంకొకరివి.

పద్మాసని లేచింది. తలుపు వైపు వీపు పెట్టి, గోడకి ఎదురుగా నిలబడింది. చెవుల పక్క నుంచి జారిన రెండు వెంట్రుకలు కూడా పైకి దువ్వుకుంది, ఏదీ అడ్డం ఉండకూడదని. పట్టమ్మ కిటికీ రెక్క తెరిచి, వెలుతురు లోపలికి రానిచ్చింది. ఆవిడ ఎందుకలా చేసిందో ఎవరూ అడగలేదు.

అడుగులు గడప దగ్గర ఆగిపోయాయి.

"పెళ్లికి ముందు ఉత్తరం రాశాను, అది మీకు అందలేదు," అంది పద్మాసని గోడ వైపే చూస్తూ.  "అందులో రాసింది ఇదే. ఇది పెరుగుతుంది. ముఖం మీదికి రావచ్చు. రేపు పిల్లలకీ రావచ్చు, రాకపోవచ్చు. మీరు కిందికి వెళ్లిపోతే నేను ఏమీ అనుకోను. తాళి పడే లోపే తెలియాలని పిలిపించాను."



గడప అవతల ఒకరు నిలబడి ఊపిరి తీసుకుంటున్న చప్పుడు తప్ప ఏమీ లేదు.  రంగనాయకి తల వంచుకుని నేల మీద పడి ఉన్న మొగలిరేకు వైపే చూస్తోంది. ఆమెకి పైకి చూసే ధైర్యం లేదు. చూడకుండా ఉన్నంతసేపూ ఏమీ జరగనట్టే కదా.

పద్మాసని ఇంకా వెనక్కి తిరగలేదు.

"అమ్మా," అంది. "నాకు ఆయన ముఖం కనబడదు. నువ్వు చూసి చెప్పు. ఈసారి ఉన్నదున్నట్టు చెప్పు."

రంగనాయకి తల ఎత్తి, అతని ముఖంలోకి చూసింది.